వీపు మీద చిల్లు

పాలావిడ ఆ చొక్కాను పాత పేపర్లో చుట్టి తెచ్చింది. పొట్లం విప్పుతూనే తొందరేమీ లేదంది, కుదిరినప్పుడే చెయ్యమంది, చిల్లు మూసే రఫూ కుట్టు మాత్రం చూసినవాళ్లకు తెలియకూడదంది. ఆయనకు కాస్త వదులవుతుందిగానీ గుడ్డ ఇంకా గట్టిగానే ఉందనీ, పారేయడానికి మనసొప్పడం లేదనీ కూడా చెప్పింది. ఆయనంటే ఆమె భర్త. చొక్కా కొడుకుది. కొడుకు పోయి ఆ సోమవారానికి పన్నెండు రోజులు.

కుట్టు దుకాణం నడిపే ఆమెను వీధిలో అందరూ టేపక్క అంటారు. మెడలో టేపు లేకుండా ఆమెను చూసినవాళ్లు లేరు. పెళ్లి ఫొటోలో కూడా టేపుతోనే ఉందని మొగుడు వచ్చినవాళ్లందరికీ చెబుతుంటాడు. అది గొలుసు. ఆమె ఎన్నిసార్లు చెప్పినా అతను ఆ మాట మానడు, ఎందుకంటే అతని దగ్గర ఉన్నవి మొత్తం రెండే జోకులు. దుకాణం వెనక కిటికీ దగ్గర కూర్చుని కాజాలు కుట్టడం అతని పని. అందుకని అతను వీధికంతటికీ కాజాల బావ.

టేపక్క చొక్కాను బల్ల మీద పరిచి అరచేత్తో సాపు చేసింది. తన కుట్టే. ముప్ఫై ఎనిమిది ఛాతీ, ఇరవై తొమ్మిది పొడుగు. గోదాములో బస్తాలు మోసే మనిషి కదా అని భుజాల మీద గుడ్డ రెండు పొరలు వేసింది. ఆ పొరలు చెక్కుచెదరలేదు. చిల్లు వాటికి బాగా కిందుగా ఉంది. చిటికెనవేలు పట్టేంత. దాని చుట్టూ ఉతికినా వదలని గోధుమరంగు మరక.

చిల్లు వీపు మీద ఉంది.

గోదాము ముందు జరిగిన కాల్పుల గురించి పేపర్లో వచ్చింది ఆమె కూడా చదివింది. రేషను ఎందుకు కోశారని అడగడానికి వెళ్లిన గుంపు రాళ్లతో మీదికి దూసుకొచ్చిందట, ప్రాణాలు కాపాడుకోవడానికి బలగాలు కాల్చక తప్పలేదట, పదకొండు మంది పోయారట. అయితే ఈ కుర్రాడు వీపు ముందుకు పెట్టి దూసుకెళ్లాడు కాబోలు అనుకుంది.

శవాలను అప్పగించేటప్పుడు ఫోన్లు ఇవ్వలేదు, డాక్టరు రాసిన కాగితం ఇవ్వలేదు. బట్టలు మాత్రం ఉతికించి, మడతపెట్టి, సంతకం తీసుకుని మరీ ఇచ్చారు. రూలు అలా ఉంది. ఆ రూలు రాసినవాడు ఫోన్ల గురించి, కాగితాల గురించి చాలా ఆలోచించి ఉంటాడు. చొక్కా గురించి ఆలోచించి ఉండడు.

గుండు తగిలింది ఒక్కటేనా అని టేపక్క అడిగింది. పాలావిడ తలూపి, ఎక్కడో చూపించడానికి అటూ ఇటూ చూసింది. దుకాణం మూల దూది బొమ్మ ఉంది. దానికి కచ్చా కుట్ల మీద ఉన్న తెల్ల కోటు తొడిగి ఉంది. పాలావిడ దాని వెనక్కి వెళ్లి, రెక్క ఎముక ఉండేచోట, వెన్నుకు రెండంగుళాలు ఇవతల వేలు పెట్టింది.

"ఇక్కడ," అంది.

వెనక కాజాల బావ దగ్గాడు. ఆ కోటు ఎవరిదో పాలావిడకు తెలియదు. బలగాల కమాండెంటుది. గురువారం విచారణ కమిషను ముందు ఆయన వాంగ్మూలం, ఆ మర్నాడే రాజధానిలో పతకం. రెండింటికీ ఒకే కోటు.

టేపక్క వేలికేసి చూసింది, చొక్కాకేసి చూసింది. మెడలోంచి టేపు తీసింది. కాలరు నుంచి చిల్లుకు కొలిచింది, బొమ్మ మెడ నుంచి పాలావిడ వేలికి కొలిచింది. చొక్కా మీద చిల్లు నాలుగు వేళ్లు కిందుగా ఉంది. గాయం ఇంకాస్త కిందేమోనని మెల్లగా అంది.

పాలావిడ వేలు తీయలేదు. "కడిగింది నేను వదినా. పుట్టిన రోజునుంచీ నేను రుద్దిన వీపు. నాకు తెలీదా?"

టేపక్క చొక్కా మడిచి గురువారం రమ్మంది. రఫూ చేస్తానని మాత్రం అనలేదు. పాలావిడ అది గమనించలేదు.

*

మంగళవారం ఉదయం కమాండెంటు ట్రయల్‌కు వచ్చాడు. ముందు ఇద్దరు తుపాకులవాళ్లు వచ్చి మిషన్ల కింద, గుడ్డల బీరువాలో, చివరికి బావ గుండీల డబ్బాలో కూడా వెతికారు. డబ్బా మూత పెట్టడం మర్చిపోయి వెళ్లి గుమ్మం దగ్గర నిలబడ్డారు. బావ నేల మీద దొర్లిన గుండీలు ఒక్కొక్కటే ఏరుకుంటూ తన రెండో జోకు గురించి ఆలోచించాడుగానీ చెప్పలేదు.

కమాండెంటు మర్యాదస్తుడు. చెప్పులు బయట విడిచి, ఎండలెలా ఉన్నాయో అడిగి, తనే కుర్చీ పక్కకు జరిపి అద్దం ముందు నిలబడ్డాడు. పోయినేడు కుట్టిన కోటును ఆమె లోపలి బుల్లెట్ ప్రూఫ్ జాకెట్ మీంచి కొలిచింది. దుకాణంలో దానికి ఇనప బనీను అని పేరు. దాంతో కలిపి నలభై నాలుగు. ఈసారి అది వద్దన్నాడు. అది వేసుకుంటే ఫొటోల్లో నీళ్ల ట్యాంకులా ఉంటానని ఆయన భార్య అందట. ఒంటిని పట్టి ఉండాలి. నలభై ఒకటి.

టేపక్క నోట్లో గుండుసూదులు పట్టుకుని కోటు తొడిగింది. కాలరు సరిచూస్తుంటే ఎడమచేతిలో కత్తెర ఉంది. మెడ జానెడు దూరంలో ఉంది. ఆ ఆలోచన రాలేదంటే అబద్ధం. వచ్చింది, వచ్చి చేతి మీద కూర్చుంది, టేపు మీద కాలరు కొలత చూసి బావ రాసుకున్నాక కూడా ఇంకా అక్కడే కూర్చుని ఉంది. ఆమె కత్తెర బల్ల మీద పెట్టి, చంక దగ్గర బిగుతు చూడటానికి చేతులెత్తమని సైగ చేసింది.

ఆయన రెండు చేతులూ ఎత్తాడు. టేపు చంక కిందికి వెళ్లగానే కిసుక్కున నవ్వి మెలికలు తిరిగాడు. చక్కిలిగింతలు. గుమ్మం దగ్గర తుపాకులవాళ్లు వీధికేసి చూశారు. పదకొండు మందిని కాల్చమన్న మనిషి చక్కిలిగింతలకు మెలికలు తిరుగుతాడని ఎవరితోనూ చెప్పుకోలేననిపించింది ఆమెకు. కొలతల పుస్తకంలో రాసుకునే విషయమూ కాదు.

అప్పుడు చూసింది. చేతులు పైకి లేవగానే కోటు అంచు కూడా లేచింది. నడుము పట్టీ మీంచి పైకి జరిగింది. ఎంత? ఆమె వేళ్లు వాటంతటవే వెళ్లి అక్కడ ఆనాయి. ఒకటి, రెండు, మూడు, నాలుగు.

నోట్లో గుండుసూదులుండటం ఆ రోజు మంచిదైంది.

మనిషి చేతులెత్తితే వీపు మీది గుడ్డ పైకి పోతుంది. కింద ఉండాల్సిన గుడ్డ రెక్క ఎముక మీదికి వస్తుంది. అప్పుడు గుండు తగిలితే గాయం పైనా, చేతులు దించాక చొక్కా మీద చిల్లు కిందా. పాలావిడ తప్పు చెప్పలేదు. చొక్కా కూడా తప్పు చెప్పలేదు. ఆ కుర్రాడు పారిపోవడం కూడా లేదు. వీపు తిప్పి, రెండు చేతులూ ఎత్తి నిలబడి ఉన్నాడు.

ఎలా ఉందని కమాండెంటు అద్దంలోంచి అడిగాడు.

ఆమె సూదులు ఒక్కొక్కటే తీసి దిండుకు గుచ్చింది. "చేతులెత్తినప్పుడు పైకి లాగుతోంది సారూ."

"పరవాలేదమ్మా," అన్నాడాయన మొహం నిండా నవ్వుతో. "నేను చేతులెత్తే సందర్భం రాదులే."

ఆయన వెళ్లాక ఆమె బావను లేపి నిలబెట్టి చేతులెత్తమంది, దించమంది, మళ్లీ ఎత్తమంది. ఒక చెయ్యి ఎత్తమంది, రెండోది ఎత్తమంది. తొమ్మిదోసారికి, తాను లొంగిపోయి ఇరవై రెండేళ్లయిందని, ఇంకా ఎందుకని అడిగాడు. అదే అతని రెండో జోకు.

*

సాయంత్రం తమ్ముడు వచ్చాడు. అతనికి మైకు సెట్ల దుకాణం ఉంది. విచారణ జరిగే టౌన్ హాల్లో మైకులు అతనివే. పనిముట్ల పెట్టె గుమ్మంలో పెట్టి దాని పక్కనే కూర్చున్నాడు. పదేళ్ల వయసు నుంచీ అక్క కొత్త కత్తిరింపు ఏది నేర్చుకున్నా అతని ఒంటి మీదే. ఇప్పటికీ టేపు కనిపిస్తే అతని చేతులు వాటంతటవే సగం లేస్తాయి. ఛాతీ ముప్ఫై ఎనిమిది, పెళ్లయినా మారలేదు.

ఆమె చొక్కా చూపించి, కనుక్కున్నదంతా చెప్పింది. కమిషను ముందు చెబుతానంది. మూడు రోజులు ఎవరైనా వచ్చి చెప్పుకోవచ్చని పేపర్లో వేశారు కదా.

తమ్ముడు నవ్వలేదు. హాల్లో స్పీకర్లు ఆపాక కూడా ఇయర్‌ఫోను చెవిలో పెట్టుకుంటే మైకు దగ్గరి మాటలు వినిపిస్తాయని చెప్పాడు. ఇవాళ భోజనాల వేళ కమిషను పెద్దాయన, రిటైరైన జడ్జీ, గుమాస్తాను రిపోర్టు టైపు ఎంతవరకూ వచ్చిందని అడిగాడట. చివరి పేజీ అయిపోయింది, మధ్యవి రాయాలి అన్నాడట గుమాస్తా.

ఆమె కోటుకు చెయ్యి అతుకుతోంది.

"అక్కా. గురువారం వాడు ఇనప బనీను వేసుకొస్తాడా, ఉత్తినే వస్తాడా?"

ఆమె సూది ఆగింది, మళ్లీ కదిలింది. కొలతలిచ్చినవాడి కొలతలు అతని పెళ్లానికి కూడా చెప్పనంది.

"పోయిన పదకొండు మందిలో ఆరుగురి కొలతలు నీ పుస్తకంలోనే ఉన్నాయి. వాళ్లవేం చేశావ్, కొట్టేశావా?"

బావ చేతిలో కాజా ఆగిపోయింది. లోపల పాలు పొంగుతున్నాయేమో చూసొస్తానని లేచి వెళ్లాడు. పొయ్యి మీద పాలు లేవు.

టేపక్క కోటును ఒళ్లో పెట్టుకుంది. తమ్ముడి గొంతు పెరగలేదు. అంతా ఆలోచించుకున్న మనిషిలా మాట్లాడాడు. పతకం వచ్చాక వాణ్ణి ఇంకా పెద్ద ఊరికి పంపుతారు, అక్కడ ఇంకో గోదాము ఉంటుంది, ఇంకో పదకొండు మంది ఉంటారు. ఆపగలిగి ఉండీ ఆపకపోతే వాళ్లను చంపినదాంట్లో తన చెయ్యి కూడా ఉన్నట్టే అన్నాడు. అది నిజమేనని ఆమె ఒప్పుకుంది.

"కానీ ఒకటి విను," అంది. "నువ్వు కొడితే ఈ కోటుకు చిల్లు పడుతుంది. రేపటినుంచి దేశమంతా ఆ ఒక్క చిల్లే చూస్తుంది. ఈ పదకొండూ ఎవరికీ కనిపించవు. నేను కూర్చుని రఫూ చేసినట్టే."

"కనిపించకపోతే మానె. వాడుండడుగా."

"హాల్లో తుపాకి నీ ఒక్కడి దగ్గరే ఉంటుందా? వాళ్లు తిరిగి కాలుస్తారు. ముందు వరసల్లో పోయినవాళ్ల ఇంటివాళ్లే కూర్చుంటారు, చూశావా?"

చూశానన్నాడు. లేచి, పెట్టె భుజానికెత్తుకున్నాడు. మెట్లు దిగబోతూ వెనక్కి తిరిగి, "నీ టేపుతో ప్రభుత్వం పడిపోతుందా అక్కా?" అని అడిగాడు, వెక్కిరింపుగా కాదు, నిజంగానే.

"పడదు," అంది. "కొలుస్తుంది. అంతే."

బుధవారం పొద్దున దుకాణం తలుపు తీసేసరికి కొలతల పుస్తకం దాని చోటే ఉంది, కాని పేజీల మధ్య ఆమె పెట్టుకునే ఎర్ర దారం ఇటునుంచి అటు మారింది. తమ్ముడి దగ్గర ఒక తాళంచెవి ఉంటుంది. ఆ పేజీలో పక్కపక్కనే రెండు అంకెలున్నాయి. నలభై నాలుగు, నలభై ఒకటి. చదవడం అతనికి చిన్నప్పుడు తనే నేర్పింది.

పోలీసులకు చెప్పొచ్చు. చెబితే తమ్ముణ్ణి మళ్లీ చూడదు. బట్టలు మాత్రం ఉతికించి, మడతపెట్టి ఇస్తారు. తమ్ముడింటికి వెళ్లింది, తాళం వేసి ఉంది. టౌన్ హాలుకు వెళ్లింది, గేటు దాటనివ్వలేదు. తిరిగొచ్చి కోటు పూర్తి చేసింది. ఎంత బాగా కుట్టిందంటే, ఇస్త్రీ పెట్టాక ఆమెకే కోపం వచ్చింది. భుజం నీళ్లు పోసినట్టు జారింది.

కోటు తీసుకెళ్లడానికి మనిషి వచ్చిపోయాక బావను పిలిచి కమిషను ఫారం నింపమంది. అతని దస్తూరి ముత్యాల్లా ఉంటుంది. విషయం అన్నచోట ఏం రాయమంటావని అడిగాడు.

"చొక్కా," అంది.

అతను కలం గాల్లో పెట్టి ఆమెను చాలాసేపు చూశాడు. ఈ పనితో దుకాణం పోతుందన్నాడు. పోతుందంది. యూనిఫారాల పని పోతుందన్నాడు. పోనీ అంది. అతను ఒక్కొక్క అక్షరమే పొందిగ్గా రాశాడు. చొక్కా.

*

గురువారం గేటు దగ్గర గుమాస్తా ఫారం చూసి, కోటుకు చివరి నిమిషంలో ఏదో సర్దాలని వచ్చింది కాబోలనుకుని వెంటనే చీటీ ఇచ్చేశాడు. అతని ప్యాంటు నడుము రెండుసార్లు వదులు చేసింది ఆమే. కత్తెర తీసేసుకున్నారు, టేపు, సుద్దముక్క వదిలేశారు. ఆమెతో వచ్చినవాళ్లలో బావను పోనిచ్చారు, పాలావిడనూ ఆమె భర్తనూ మాత్రం ఆపేశారు. కమాండెంటు వచ్చే రోజున చనిపోయినవాళ్ల తాలూకు మనుషులను లోపలికి రానివ్వకూడదట. శాంతిభద్రతలు. చొక్కా వేసుకుని చూపించడానికి పాలావిడ భర్తను సిద్ధం చేసి తెచ్చుకుంది టేపక్క. ఆయన గేటు బయట, స్తంభానికి కట్టిన మైకు హారను కింద, తన చొక్కా గుండీలు విప్పుకుని నిలబడిపోయాడు.

లోపల గోడ పక్కన చిన్న బల్ల మీద యాంప్లిఫయరు, దాని వెనక తమ్ముడు, కాళ్ల దగ్గర పనిముట్ల పెట్టె. మొదటిరోజు వెతికారు, ఇప్పుడు వెతకడం మానేశారు. అక్కను చూసి అతను ఆశ్చర్యపోలేదు, తల పక్కకు తిప్పుకున్నాడు.

కమాండెంటు వాంగ్మూలం ఇరవై నిమిషాలు. గుంపు రాళ్లతో ఎదురొచ్చింది, ముందుకు దూసుకొచ్చింది, గత్యంతరం లేకపోయింది. హాల్లోనూ బయట హారన్లోనూ ఆ మాటలు ఖంగుమని మోగాయి. కోటు అద్భుతంగా అమరింది. చెప్పడమయ్యాక ఆయన ముందు వరసలో, మైకు బల్లకు పది అడుగుల దూరంలో కూర్చున్నాడు. ఇక ప్రజలెవరైనా ఉంటే చెప్పుకోవచ్చనీ, బయట గోల కాకుండా హారను ఆపమనీ పెద్దాయన అన్నాడు. తమ్ముడు మీట కిందికి నొక్కాడు.

టేపక్క బల్ల మీద చొక్కా పరిచి, చిల్లు వీపు మీద ఉందంది. ఏది ముందో ఏది వెనకో నీకెలా తెలుసని పెద్దాయన అడిగాడు.

"గుండీలు ముందుంటాయండీ," అంది.

ఎవరో నవ్వి ఆపుకున్నారు. ఆమె టేపు పెట్టి చిల్లు ఎక్కడుందో చూపించింది, కడిగిన తల్లి గాయం ఎక్కడుందని చెప్పిందో చెప్పింది, నాలుగు వేళ్ల తేడా చెప్పింది, చేతులెత్తితే ఏమవుతుందో చెప్పింది. గుమాస్తా రాయడం ఆపేశాడు. పెద్దాయన కళ్లజోడు తీశాడు.

జవాబు కమాండెంటే ఇచ్చాడు, కూర్చున్నచోటి నుంచే, ఎప్పటిలాగే మర్యాదగా. "రాయి విసరడానికైనా చెయ్యెత్తాలి కదమ్మా."

"ఒక చెయ్యెత్తితే గుడ్డ పక్కకు లాగుతుంది సారూ. చిల్లు గాయం మీదికి రాదు. రెండూ ఎత్తితేనే తిన్నగా వస్తుంది. ఎవరైనా వేసుకుంటే చూపిస్తాను. ముప్ఫై ఎనిమిది ఛాతీవాళ్లు."

హాల్లో వంద మంది ఉన్నారు. అందరికీ ఒక్కసారిగా తమ ఛాతీ ఎంతో గుర్తులేకుండా పోయింది. అయితే ఇక చాలని పెద్దాయన కాగితాలు సర్దుకోబోయాడు. విచారణ ముగిసినట్టేననుకుని కమాండెంటు లేచి నిలబడి, కోటు కిందికి లాక్కుని, ఛాతీ నిండా గాలి పీల్చుకున్నాడు. బల్ల వెనక తమ్ముడు వంగాడు. పెట్టె మూత లేచింది. అతని చెయ్యి మణికట్టు దాకా లోపల ఉంది.

"తమ్ముడూ," అంది టేపక్క.

మైకు ఆమె నోటి ముందే ఉంది. ఆ మాట హాలంతా వినిపించింది. అందరూ అతనికేసి చూశారు, తుపాకులవాళ్లతో సహా.

"ముప్ఫై ఎనిమిది నీదే. రా."

అతను వంగినవాడు వంగినట్టే ఉండిపోయాడు. అక్క మొహంలోకి చూశాడు. ఆమె బతిమాలడం లేదు, బెదిరించడం లేదు. కొలత తీసేటప్పుడు ఎలా ఉంటుందో అలాగే, టేపు రెండు చేతుల మధ్య పట్టుకుని నిలబడి ఉంది. ఎంతసేపో గుమాస్తా రాసుకోలేదు. తరువాత పెట్టెలోంచి చెయ్యి బయటికొచ్చింది, ఖాళీగా. మూత పడింది. అతను లేచి బల్ల చుట్టూ తిరిగి వస్తూ, యాంప్లిఫయరు మీద ఒక మీటను పైకి నొక్కాడు. అది ఏ మీటో హాల్లో ఎవరికీ తెలియలేదు.

చొక్కా విప్పమంది, బనీను కూడా విప్పమంది. బనీను ఉంటే అదీ పైకి లేస్తుందని పెద్దాయనకు వివరించింది. రెక్క ఎముక మీద, వెన్నుకు రెండంగుళాలు ఇవతల, సుద్దతో తెల్లగా ఇంటూ గుర్తు వేసింది. దాని మీద పాలావిడ కొడుకు చొక్కా తొడిగి గుండీలు పెట్టింది. అతన్ని తిప్పి నిలబెట్టింది, వీపు కమాండెంటు వైపు, తుపాకుల వైపు.

చిల్లులోంచి చర్మం మాత్రమే కనిపించింది. కుడిచెయ్యి ఎత్తమంది. చిల్లు పక్కకు జరిగింది, సుద్ద అంచు కనిపించి పోయింది.

"రెండూ ఎత్తు," అంది.

ఎత్తాడు. గుడ్డ లేచింది. చిల్లు మెల్లగా పైకి పాకి, గుర్తు మీదికొచ్చి ఆగింది. తెల్లటి ఇంటూ దాంట్లో పూర్తిగా, మధ్యలో, కొలిచి పెట్టినట్టు కూర్చుంది.

"చనిపోయినప్పుడు ఈ చొక్కాలో మనిషి ఇలా నిలబడి ఉన్నాడు," అంది టేపక్క మైకులో.

అప్పుడు బయట గేటు దగ్గర నుంచి ఒక శబ్దం వచ్చింది. అరుపు కాదు, ఏడుపు కాదు. చాలా మంది ఒకేసారి ఊపిరి తీసుకున్నట్టు. అంతకు ముందు క్షణంలో తలుపుకు ఆ పక్కనుంచి, హారన్లోంచి, ఆమె గొంతే రెండోసారి వినిపించిందని గుర్తొచ్చి హాల్లో అందరికీ విషయం అర్థమైంది. ఆపండి, బయటిది ఆపండి అని పెద్దాయన బల్ల చరిచాడు. ఇద్దరు పోలీసులు యాంప్లిఫయరు దగ్గరికి పరిగెత్తి వరసగా ఉన్న మీటలకేసి చూస్తూ నిలబడ్డారు. ఏది నొక్కాలో తెలిసినవాడు చేతులెత్తి నిలబడి ఉన్నాడు.

"చాలు, నువ్వు చేతులు దించు," అన్నాడు పెద్దాయన.

అతను దించలేదు. ఆ మాట కూడా బయటికి వినిపించింది.

*

మీట నొక్కినందుకు తమ్ముణ్ణి హాల్లోంచే తీసుకెళ్లారు. ఆ గందరగోళంలో టేపక్క పనిముట్ల పెట్టెను బావ చేతికిచ్చి, తమ్ముడు మర్చిపోయాడు పట్టుకురా అంది. లోపలికొచ్చేవాళ్లను వెతుకుతారుగానీ పోయేవాళ్లను వెతకరు. ఏం సామాను కుక్కాడే ఇందులో, భుజం పడిపోతోందని బావ వీధి మలుపు దాకా విసుక్కుంటూనే ఉన్నాడు. ఇంటికొచ్చాక ఆమె ఒక్కతే మూత తీసింది. స్క్రూడ్రైవర్ల కింద పాత తువ్వాల్లో చుట్టి ఉంది. విప్పకుండానే తీసుకెళ్లి గుడ్డముక్కల గోతం అడుగున పెట్టింది. ఆ రాత్రి బావకు నిద్ర పట్టింది, ఆమెకు పట్టలేదు.

శుక్రవారం దుకాణానికి సీలు వేశారు. యూనిఫారాల పని రద్దయిందని కాగితం అంటించారు. విచారణ గడువు పెంచినట్టు మర్నాటి పేపర్లో ఒక మూల రెండు వాక్యాలు, పతకం ఫొటో పై సగమంతా. టేపక్క ఫొటోను వెలుతురులో పెట్టి చాలాసేపు చూసింది. కుట్టులో వంక పెట్టడానికి ఏమీ లేదు. ఆ మాట పైకే అని పేపరు మడిచేసింది.

ఆ శనివారం పొద్దునే తమ్ముణ్ణి వదిలారు. కింది పెదవి వాచి ఉంది, ఎడమచెయ్యి సరిగ్గా ఎత్తలేకపోతున్నాడు. ఇంటి అరుగు మీద పాత మిషను వేసుకుని కూర్చున్న అక్క దగ్గరికొచ్చి మెట్టు మీద కూర్చున్నాడు. పెట్టె ఇచ్చింది. మూత తీసి చూసి మూసేశాడు. గుడ్డముక్కల గోతం కేసి ఒకసారి చూశాడు. అడుగుతాడేమోనని ఆమె ఎదురుచూసింది. అడగలేదు. ఎప్పుడైనా అడగొచ్చు. కమాండెంటు నిజంగానే ఇంకా పెద్ద ఊరికి వెళుతున్నాడు. అడిగిన రోజున ఏం చెప్పాలో ఆమె ఇంకా ఆలోచించుకోలేదు.

పాలావిడ వచ్చింది. ఒక్కతే కాదు. వెనక పది ఇళ్లవాళ్లు, చేతుల్లో పేపరు పొట్లాలు. ఉతికి, మడతపెట్టి, సంతకం తీసుకుని ఇచ్చిన పది చొక్కాలు. ఎవరూ రఫూ మాట ఎత్తలేదు. టేపక్క మొదటి పొట్లం విప్పి, వీపు పైకి తిప్పి, టేపు తీసింది. తమ్ముడు అడగకుండానే లేచి వచ్చి నిలబడ్డాడు, ఎత్తగలిగినంత మేరకు చేతులెత్తి.

బావ లోపల్నుంచి పీకేసిన పాత దుకాణం బోర్డు తెచ్చి వెనక్కి తిప్పాడు. గుమ్మానికి ఆనించి పెట్టి, కుంచె తీసుకుని, తన ముత్యాల దస్తూరిలో తొందరేమీ లేకుండా రాశాడు.

ఇక్కడ రఫూ చేయబడదు.